విలన్ పేరు మీద ఒక చట్టం

చరిత్ర అనగానే మనకు రాజులు, యుద్ధాలు, తేదీలు గుర్తొస్తాయి. ఈసారి మా సాంఘికశాస్త్రం టీచరు వేరే పని చెప్పారు. "ఆసియాలో మనది కాని ఒక దేశం తీసుకోండి. ఆ దేశంలో రాజూ మంత్రీ సైన్యాధిపతీ కాని మనిషిని ఒకరిని ఎంచుకోండి. ఆ మనిషి జీవితం పట్టుకుని ఆ దేశం చరిత్ర రాయండి" అన్నారు. మా తరగతిలో చాలామంది జపాను, చైనా, శ్రీలంక తీసుకున్నారు. నేను ఫిలిప్పీన్స్ తీసుకున్నాను. నా మనిషి పేరు ఎడ్డీ గార్సియా. సినిమా నటుడు. అదీ హీరో కాదు, విలన్.

విలన్ గురించి స్కూలు పత్రికలో రాసేదేముంది అని మీరు అడగవచ్చు. ఉంది. ఈయన 1949లో మొదటి సినిమాలో నటించారు, 2019లో షూటింగులో పడిపోయారు. మధ్యలో డెబ్భై ఏళ్లు. ఆరువందలకు పైగా సినిమాలు, టీవీ కార్యక్రమాలు. ఆ డెబ్భై ఏళ్లలో ఆయన దేశం యుద్ధపు బూడిదలోంచి లేచింది, నియంత చేతిలో పడింది, మళ్లీ బయటపడింది. ఆయన చనిపోయిన ఐదేళ్లకు ఆ దేశం ఆయన పేరు మీద ఒక చట్టం చేసింది. ఆ చట్టం హీరోల కోసం చేసింది కాదు. లైట్లు మోసేవాళ్ల కోసం, కేబుళ్లు లాగేవాళ్ల కోసం, మేకప్ వేసేవాళ్ల కోసం చేసింది. ఈ వ్యాసం ఆ చట్టం దాకా ఎలా వచ్చామో చెప్పడానికే.

మనీలాకూ మద్రాసుకూ

ముందు ఆ దేశం సంగతి. ఫిలిప్పీన్స్ ఏడువేలకు పైగా దీవుల దేశం. రాజధాని మనీలా. దేశం పేరే స్పెయిన్ రాజు రెండో ఫిలిప్ పేరు మీద పెట్టింది. 1565 నుంచి 1898 దాకా, అంటే మూడువందల ముప్పై ఏళ్లకు పైగా, స్పెయిన్ ఏలింది. తర్వాత అమెరికా వచ్చింది. రెండో ప్రపంచ యుద్ధంలో జపాను ఆక్రమించుకుంది. 1946 జులై 4న స్వాతంత్ర్యం వచ్చింది. మనకంటే ఒక్క ఏడాది ముందు. "మూడువందల ఏళ్లు మఠంలో ఉన్నాం, యాభై ఏళ్లు హాలీవుడ్‌లో ఉన్నాం" అని వాళ్లే తమ చరిత్ర గురించి నవ్వుకుంటూ చెప్పుకుంటారట. స్పెయిన్ వాళ్లు మతం ఇచ్చారు, అమెరికా వాళ్లు సినిమా ఇచ్చారు అని దాని అర్థం.

ఈ దేశానికీ మన చెన్నైకీ పాత పరిచయం ఒకటుంది. 1762లో ఇంగ్లాండుకూ స్పెయిన్‌కూ యుద్ధం జరుగుతున్నప్పుడు మనీలా మీదికి ఇంగ్లీషువాళ్లు పంపిన ఓడలు బయల్దేరింది మన మద్రాసు నుంచే. ఆ ఓడల్లో ఇక్కడి సిపాయిలు కూడా ఉన్నారు. అక్టోబరులో మనీలా వాళ్ల చేతికి చిక్కింది. 1764లో ఇంగ్లీషువాళ్లు వెనక్కి వచ్చేశారు కానీ సిపాయిల్లో కొందరు రాలేదు. మనీలా దగ్గర కైంతా అనే ఊళ్లో పెళ్లిళ్లు చేసుకుని ఉండిపోయారు. వాళ్ల వారసులు అక్కడ ఉన్నారని ఇప్పటికీ చెప్పుకుంటారు. మేం ఈ ఊళ్లో తెలుగు మాట్లాడుతూ ఉన్నట్టే, ఈ ఊరివాళ్లు కొందరు ఆ ఊళ్లో కలిసిపోయారన్నమాట.

ఫిలిప్పీన్స్‌లో అక్కడివాళ్లు సొంతంగా తీసిన మొదటి కథాచిత్రం 1919లో వచ్చింది. తీసినాయన పేరు హోసె నెపొముసెనో. సినిమా పేరు 'దలాగాంగ్ బుకిద్'. అంటే పల్లెటూరి పిల్ల అని. ఈ 1919 అన్న ఏడాదిని గుర్తుపెట్టుకోండి. మళ్లీ చెప్తాను.

సొర్సొగోన్ కుర్రాడు

ఎడ్డీ గార్సియా 1929 మే 2న పుట్టారు. వాళ్ల ప్రాంతం సొర్సొగోన్. లుజోన్ అనే పెద్ద దీవికి దక్షిణం కొసన ఉంటుంది. పక్కనే అగ్నిపర్వతం, మూడు వైపులా సముద్రం. అక్కడి భాష బికోల్. ఆ భాషలో పెద్దన్నయ్యను 'మనోయ్' అంటారు. తర్వాతి రోజుల్లో సినిమా వాళ్లంతా, పేపర్ల వాళ్లంతా గార్సియాను మనోయ్ అనే పిలిచారు. తెరమీద అందరినీ ఏడిపించే మనిషిని తెర వెనక అందరూ అన్నా అని పిలిచేవాళ్లు.

ఆయనకు పన్నెండేళ్లున్నప్పుడు జపాను సైన్యం ఆ దేశంలోకి దిగింది. పదహారు వచ్చేసరికి యుద్ధం ముగిసింది. మధ్యలో జరిగింది మామూలు విషయం కాదు. 1945లో ఒక్క మనీలా నగరం కోసం జరిగిన పోరాటంలోనే దాదాపు లక్షమంది మామూలు జనం చనిపోయారు. ఊరు నేలమట్టమయ్యింది. సినిమాలు కూడా కాలిపోయాయి. యుద్ధానికి ముందు అక్కడ తీసిన వందల సినిమాల్లో ఇప్పుడు మిగిలినవి వేళ్లమీద లెక్కపెట్టవచ్చు. మనుషులు పోయినట్టే వాళ్ల బొమ్మలూ పోయాయి.

యుద్ధం అయ్యాక గార్సియా సైన్యంలో చేరారు. అమెరికా సైన్యంలో ఫిలిప్పీన్స్ వాళ్లతో ఏర్పాటైన దళం ఒకటుండేది, పేరు ఫిలిప్పీన్ స్కౌట్స్. జపానులోని ఒకినావా దీవిలో కాపలాకి వాళ్లను పంపారు. గార్సియా అక్కడ మిలిటరీ పోలీసుగా పనిచేశారు. తర్వాత సినిమాలోకి వచ్చారు. మాన్యువల్ కాండె అనే పేరున్న దర్శకుడు తీసిన 'సియెతె ఇన్ఫాంతెస్ దె లారా' ఆయన మొదటి సినిమా. 1949లో విడుదలైంది. ఈ కాండె తర్వాత తీసిన 'చెంఘిజ్ ఖాన్' 1952లో ఇటలీలోని వెనిస్ ఉత్సవం దాకా వెళ్లింది. బూడిదైన ఊళ్లోంచి నాలుగైదేళ్లలోనే అలాంటి సినిమాలు వచ్చాయంటే ఆ జనం పట్టుదల చూడండి.

మల్లెపూవు కంపెనీలో చెడ్డవాడు

1950లలో మనీలాలో పెద్ద స్టూడియోలు నాలుగు ఉండేవి. నటీనటులను నెల జీతాల మీదో, కాంట్రాక్టు మీదో పెట్టుకునేవి. మన కోడంబాకంలో ఒకప్పుడు వాహినీ, ఏవీఎం స్టూడియోలు ఎలా వెలిగాయో మా తాతయ్య చెప్తుంటారు కదా, అలాంటివే అవి కూడా. గార్సియా ఎక్కువగా పనిచేసిన కంపెనీ పేరు సంపగీత పిక్చర్స్. ఆ పేరు వినగానే నేను సంపెంగ అనుకున్నాను. కాదు. సంపగీత అంటే మన మల్లెపూవే. అక్కడ అది జాతీయ పుష్పం.

ఆ మల్లెపూవు కంపెనీలో ఆయన వేసినవి చెడ్డ వేషాలు. టాగలోగ్ భాషలో హీరోని 'బిడా' అంటారు. స్పానిష్‌లో జీవితం అనే అర్థమున్న మాట నుంచి వచ్చింది. విలన్ని 'కొంత్రబిడా' అంటారు. హీరో ప్రాణానికి అడ్డుపడేవాడని పెట్టుకోవచ్చు. మన భాషలో నాయకుడు, ప్రతినాయకుడు అన్నట్టే. గార్సియాను ఆ దేశం కొంత్రబిడాగానే గుర్తుపెట్టుకుంది. భూములు లాక్కునే దొర, డబ్బుమదం పట్టిన వ్యాపారి, లంచగొండి పోలీసు, పైకి నవ్వుతూ లోపల విషం పెట్టుకునే పెద్దమనిషి. ఇవన్నీ ఆయనవే.

1950లు ముగిసేసరికి ఉత్తమ సహాయ నటుడి బహుమతి ఆయనకు వరుసగా మూడుసార్లు వచ్చింది. ఆ బహుమతిని ఇచ్చేది ఫమాస్ అనే సంస్థ. 1952లో మొదలైంది. అక్కడి సినిమా బహుమతుల్లో అదే పాతది. ఒకే విభాగంలో ఐదుసార్లు గెలిచిన వాళ్ల పేరును గౌరవ పట్టికలోకి ఎక్కిస్తారు. ఆ తర్వాత ఆ విభాగంలో వాళ్లు పోటీలో ఉండరు. గార్సియా పేరు సహాయ నటుడిగా ఎక్కింది, దర్శకుడిగా ఎక్కింది, ఉత్తమ నటుడిగానూ ఎక్కింది. ఈ మూడింటిలోనూ ఎక్కిన మనిషి ఆయన ఒక్కరే.

ఇక్కడ నాకొక ఆలోచన వచ్చింది. హీరోకి వయసు శత్రువు. నుదుటి మీద ముడత వస్తే, పొట్ట వస్తే, జుట్టు నెరిస్తే కంగారు. విలన్‌కి అలా కాదు. జుట్టు నెరిసే కొద్దీ దొరతనం వస్తుంది, గొంతు బరువెక్కే కొద్దీ భయం పుడుతుంది. ఆయనతో పాటు మొదలైన హీరోలు ఒక్కొక్కరే తప్పుకున్నారు. వాళ్ల తర్వాతి హీరోలతో ఆయన తలపడ్డారు. వాళ్ల తర్వాతి వాళ్లతోనూ తలపడ్డారు. అలా మనవళ్ల తరం దాకా వచ్చారు. డెబ్భై ఏళ్లు నిలవడానికి ఇదొక కారణం. రెండో కారణం క్రమశిక్షణ. షూటింగుకు చెప్పిన వేళకు వచ్చేవారని, మాటలు కంఠతా పట్టుకుని వచ్చేవారని తోటివాళ్లంతా చెప్పారు. మిలిటరీ పోలీసు అలవాటు ఎక్కడికి పోతుంది!

1960లు వచ్చేసరికి ఆ పెద్ద స్టూడియోలు ఒక్కొక్కటే వెనకబడ్డాయి. చిన్న నిర్మాతలు పెరిగారు. అమెరికా నుంచి కూడా కంపెనీలు వచ్చి తక్కువ ఖర్చుతో అక్కడ సినిమాలు తీసుకుపోయేవి. గార్సియా అన్నిట్లోనూ పనిచేశారు. రాక్షసుల సినిమాల్లో పిచ్చి డాక్టరు, జైలు సినిమాల్లో పోలీసు కెప్టెను. పని చిన్నదా పెద్దదా అని చూడలేదు.

గిల్టు నగ, పనమ్మాయి

చెడ్డవాడి వేషం వేసేవాడికి మనసు లోతులు తెలుస్తాయని నేను అనుకుంటాను. 1970ల ఆరంభంలో లీనో బ్రోకా అనే యువ దర్శకుడు ఆయనకు ఒక వేషం ఇచ్చారు. సినిమా పేరు 'టుబోగ్ సా గింటో'. అంటే బంగారంలో ముంచినది అని. మన మాటలో గిల్టు నగ. పైకి గౌరవం, డబ్బు, భార్యాబిడ్డలు ఉన్న ఒక పెద్దమనిషి తన స్వభావాన్ని ఎవరికీ తెలియకుండా దాచుకుని, ఆ రహస్యం బయటపడుతుందేమోనని రోజూ చచ్చిబతుకుతుంటాడు. విలన్ అనిపించుకున్న నటుడు అంత బలహీనమైన మనిషిగా కనిపిస్తాడని అప్పటిదాకా జనం అనుకోలేదు.

దర్శకుడిగా ఆయన తీసిన సినిమాల్లో నాకు బాగా నచ్చిన సంగతి 'అత్సాయ్' కథ. 1978లో వచ్చింది. అత్సాయ్ అంటే ఇంట్లో పనిచేసే అమ్మాయి. పల్లెటూరి నుంచి మనీలాకు వచ్చి, ఇల్లిల్లూ మారుతూ, మాటలు పడుతూ పనిచేసే అమ్మాయి కథ. నటించింది నోరా ఆనోర్. ఆ ఏడాది మనీలా సినిమా ఉత్సవంలో ఉత్తమ చిత్రంగా బహుమతి తెచ్చుకుంది. దొర వేషాలు వేసే మనిషి, దొర ఇంట్లో అంట్లు తోమే పిల్ల వైపు నుంచి సినిమా తీశారు. ఇది ఎందుకు చెప్తున్నానంటే, చివర్లో వచ్చే చట్టానికీ దీనికీ సంబంధం ఉందని నాకు అనిపించింది. పనిచేసేవాళ్ల కష్టం ఆయన కెమెరాకి ముందే తెలుసు.

నియంత కాలం

ఇదంతా ఏ కాలంలో జరిగిందో చూడాలి. ఫెర్డినాండ్ మార్కోస్ 1965లో ఎన్నికల్లో గెలిచి అధ్యక్షుడయ్యాడు. 1972 సెప్టెంబరులో సైనిక శాసనం ప్రకటించాడు. పత్రికలు మూయించారు. ఎదిరించి మాట్లాడినవాళ్లను, విద్యార్థులను జైల్లో పెట్టారు. చాలామందిని చిత్రహింసలు పెట్టారు, చంపారు. సినిమాల మీద కూడా సెన్సారు పట్టు బిగిసింది. 1986 ఫిబ్రవరిలో లక్షలమంది మనీలా వీధుల్లోకి వచ్చి నిలబడ్డారు. తుపాకీ పేల్చకుండానే మార్కోస్ దేశం వదిలి పారిపోయాడు.

మన దగ్గర ఎమర్జెన్సీ 1975 నుంచి 1977 దాకా ఉంది. వాళ్లకు శాసనం కాగితం మీద 1981లో ఎత్తేసినా, నియంత పాలన మొత్తం పద్నాలుగేళ్లు సాగింది. ఒక పిల్లవాడు పుట్టి తొమ్మిదో తరగతికి వచ్చే కాలం అది.

ఆ తర్వాత సినిమా హీరోలు రాజకీయాల్లో పైకొచ్చారు. తమిళనాడులో ఎం.జి.ఆర్‌ను, ఆంధ్రప్రదేశ్‌లో ఎన్.టి.ఆర్‌ను ముఖ్యమంత్రుల్ని చేసుకున్న మనకు ఇది కొత్త కాదు. జోసెఫ్ ఎస్ట్రాడా అనే హీరో 1998లో ఏకంగా దేశాధ్యక్షుడయ్యాడు. 2001లో దిగిపోవలసి వచ్చింది. ఫెర్నాండో పో జూనియర్ అనే మరో పెద్ద హీరో 2004లో అధ్యక్ష పదవికి పోటీచేసి ఓడిపోయి, ఆ డిసెంబరులోనే చనిపోయాడు. ఈ పో జూనియర్ చేతిలో సినిమాల్లో గార్సియా ఎన్నిసార్లు దెబ్బలు తిన్నారో లెక్కలేదు. హీరోలు కుర్చీల కోసం వెళ్లారు. విలన్ మాత్రం మర్నాడు పొద్దున్న మళ్లీ షూటింగుకు వెళ్లారు.

ఎనభై దాటాక

సాధారణంగా ఎనభై దాటిన నటుణ్ణి వేదిక మీదికి పిలిచి శాలువా కప్పుతారు. గార్సియాకు ఎనభై దాటాకే గొప్ప వేషాలు వచ్చాయి.

2012లో 'బ్వకావ్' వచ్చింది. దర్శకుడు జున్ రోబ్లెస్ లానా. బ్వకావ్ అంటే తిండిపోతు. అది ఒక ఊరకుక్క పేరు. రెనె అనే ముసలాయన, ఆ కుక్క, ఒక చిన్న ఊరు. అంతే కథ. జీవితమంతా తన మనసు తనకే చెప్పుకోకుండా గడిపేసి, ఒంటరిగా మిగిలి, చావు కోసం శవపేటిక కూడా కొనిపెట్టుకున్న మనిషి. అందరి మీదా విసుక్కుంటాడు. ఆ విసుగు వెనక ఉన్న దుఃఖం నెమ్మదిగా మనకు తెలుస్తుంది. ఆ దేశం తరఫున ఆస్కారుకు పంపింది ఈ సినిమానే. 2013లో ఆసియా సినిమా బహుమతుల్లో ఉత్తమ నటుడు ఆయనే. అప్పటికి ఆయన వయసు 83.

2018లో 'ఎం.ఎల్.' వచ్చింది. ఆ రెండక్షరాలు సైనిక శాసనాన్ని సూచిస్తాయి. ఈ సినిమా కథ మనలాంటి విద్యార్థులకు గట్టిగా తగులుతుంది. మార్కోస్ కాలం బాగానే ఉండేదని నమ్మే ఒక కుర్రాడు, కాలేజీలో ఇచ్చిన చరిత్ర పని కోసం ఒక రిటైరైన అధికారిని కలవడానికి వెళ్తాడు. ఆ ముసలాయనకు మతిమరుపు జబ్బు. ఒక్కసారిగా ఆయన బుర్ర 1970లలోకి వెళ్లిపోతుంది. ఎదురుగా కూర్చున్న కుర్రాణ్ణి ప్రభుత్వ వ్యతిరేకి అనుకుని కట్టేసి, అప్పట్లో చేసినట్టే హింసించడం మొదలుపెడతాడు. ఆ ముసలాయన గార్సియా. వయసు 89. సినిమలయా ఉత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది.

నాకు ఈ కథ చదివినప్పుడు ఒళ్లు జలదరించింది. దేశం మర్చిపోయిన దాన్ని ఒక మతిమరుపు మనిషి గుర్తుచేస్తున్నాడు. చరిత్ర పుస్తకంలో ఒక్క వాక్యంగా ఉన్నది ఆ కుర్రాడి ఒంటి మీద దెబ్బలుగా మారింది. డెబ్భై ఏళ్లు చెడ్డవాడిగా నటించిన అనుభవమంతా ఆయన అక్కడ పనికి పెట్టారు. మంచివాళ్లను చూపించడమే సినిమా గొప్పతనం అనుకుంటాం. చెడు ఎలా ఉంటుందో సరిగ్గా చూపించడం కూడా జనానికి చేసే సేవేనని నాకు అప్పుడు తెలిసింది.

2019 జూన్ 8

ఆ రోజు మనీలాలో తొందో అనే పేటలో ఒక టీవీ ధారావాహిక షూటింగు. గార్సియాకు తొంభై నిండి నెల దాటింది. చేతిలో తుపాకీతో పోట్లాట సన్నివేశం. నడుస్తూ ఉండగా నేలమీదున్న కేబులు కాలికి తగిలింది. పడిపోయారు. మెడ ఎముక విరిగింది. స్పృహ మళ్లీ రాలేదు. పన్నెండు రోజుల తర్వాత, జూన్ 20న, ఆస్పత్రిలో చనిపోయారు.

ఫిలిప్పీన్స్ సినిమా మొదలైంది 1919లో అని ముందే చెప్పాను. ఆయన పోయింది 2019లో. ఆ దేశపు సినిమాకి అప్పుడే నూరేళ్లు నిండాయి. అందులో డెబ్భై ఏళ్లలో ఆయన ఉన్నారు.

కత్తులు, తుపాకులు, పేలుళ్లు, ఎన్నో పోరాటాలు. వేటిలోనూ పోని ప్రాణం ఒక కేబులు వల్ల పోయింది. జనానికి కోపం వచ్చింది. షూటింగు దగ్గర భద్రత చూసే మనిషి ఉన్నాడా? ప్రథమ చికిత్స తెలిసినవాళ్లు ఉన్నారా? అంబులెన్సు ఏది? ఈ ప్రశ్నలు పేపర్లలో, టీవీల్లో మోగాయి. అక్కడి కార్మిక శాఖ విచారణ జరిపి, భద్రతా నియమాలు పాటించలేదని తేల్చింది.

ఇక్కడ గమనించవలసిన విషయం ఒకటుంది. పనిచేసే చోట భద్రత గురించి ఆ దేశంలో అప్పటికే చట్టం ఉంది. 2018లోనే చేశారు. అంటే ఆయన పడిపోయిన రోజుకు ఆ చట్టానికి ఏడాది కూడా నిండలేదు. కాగితం మీద చట్టం ఉంది, నేల మీద కేబులు ఉంది.

కేబులు ఎవరిది?

ఈ భాగం నేను మా నాన్నను అడిగి రాశాను. మా నాన్న చెన్నైలో షూటింగులకు లైట్‌మన్‌గా వెళ్తారు. పొద్దున్నే బయల్దేరితే ఎప్పుడు వస్తారో చెప్పలేం. జనరేటరు వ్యాను నుంచి లైటు దాకా కేబులు లాగడం, స్టాండు నిలబెట్టడం, ఎత్తు మీద కట్టిన పలకలెక్కి లైటు బిగించడం ఆయన పని. ఒక్కో లైటు ఇద్దరు ముగ్గురు కలిస్తే గాని లేవదు.

"కేబులు అడ్డంగా ఎందుకుంటుంది నాన్నా?" అని అడిగాను.

"ఉండకూడదమ్మా. గోడవార తీసుకుపోవాలి. తొక్కే చోట టేపు వెయ్యాలి, లేకపోతే పైన మ్యాటు పరవాలి. కానీ షాటుకీ షాటుకీ మధ్య టైమిస్తేనే కదా! 'రెడీయా, రెడీయా' అని అరుస్తుంటారు. పద్నాలుగు గంటలు నిలబడ్డాక ఏ కేబులు ఎక్కడుందో కంటికి ఆనదు" అన్నారు.

రెండేళ్ల క్రితం ఒక షూటింగులో మా నాన్న పలక మీంచి జారి భుజం విరగ్గొట్టుకున్నారు. నలభై రోజులు ఇంట్లో ఉన్నారు. ఆ నలభై రోజులు కూలీ లేదు, బేటా లేదు. మా అమ్మ గాజులు కుదువకు వెళ్లాయి. ఆ సంగతి ఎత్తితే ఆయన నవ్వి ఊరుకుంటారు. "పెద్దాళ్లు పడితే పేపర్లో వస్తుంది. మేం పడితే కట్టు పడుతుంది" అన్నారు ఈసారి.

ఆ మాట నిజమే. 2020 ఫిబ్రవరిలో మన ఊరి శివార్లలో పూందమల్లి దగ్గర ఒక పెద్ద సినిమా షూటింగులో క్రేను కూలి ముగ్గురు చనిపోయారు. పెద్ద హీరో సినిమా కాబట్టి నాలుగు రోజులు వార్తల్లో ఉంది. చిన్న సినిమాల్లో విరిగే చేతులకు, కాళ్లకు వార్త ఉండదు.

ఎడ్డీ గార్సియా చట్టం

గార్సియా చనిపోయాక సినిమా, టీవీ పనివాళ్లకు విడిగా చట్టం కావాలని అక్కడివాళ్లు పట్టుబట్టారు. బిల్లులు పెట్టారు, చర్చించారు, మళ్లీ పెట్టారు. ఐదేళ్లు పట్టింది. చివరికి 2024 మే 24న అది చట్టమయ్యింది. నంబరు 11996. దాని పేరే ఎడ్డీ గార్సియా చట్టం.

అందులో ఏముందో మామూలు మాటల్లో చెప్తాను. పని మొదలుపెట్టే ముందే పనివాడికి రాతపూర్వకంగా ఒప్పందం ఇవ్వాలి. జీతం ప్రభుత్వం చెప్పిన కనీస కూలీ కంటే తగ్గకూడదు. మామూలు పనివేళ రోజుకు 8 గంటలు. ఎంత అవసరం వచ్చినా వారానికి 60 గంటలు దాటకూడదు. తిండి, తాగేనీళ్లు, శుభ్రమైన మరుగుదొడ్లు, విశ్రాంతికి చోటు, రాకపోకలకు బండి ఏర్పాటు చెయ్యాలి. బీమా ఉండాలి. భద్రతా నియమాలు పాటించాలి. ఇవన్నీ ఒక్క నటీనటులకే కాదు, ఆ షూటింగులో పనిచేసే వాళ్లందరికీ.

ఇందులో చరిత్ర చేసిన ఒక చిత్రం కూడా ఉంది. ఈ చట్టం మీద సంతకం పెట్టిన అధ్యక్షుడు ఫెర్డినాండ్ మార్కోస్ జూనియర్. పాత మార్కోస్ కొడుకే. ఏ పాలన గురించి గార్సియా తన చివరి రోజుల్లో 'ఎం.ఎల్.'లో నటించారో, ఆ పాలకుడి కొడుకు చేతి మీదుగా ఆయన పేరున్న చట్టం వచ్చింది. పాఠ్యపుస్తకంలో చరిత్ర తిన్నగా నడుస్తుంది. బయట మాత్రం ఇలా వంకరగా నడుస్తుంది.

మనకు ఇలాంటి చట్టం రాలేదా అంటే, వచ్చింది. సినీ కార్మికుల కోసం మన దేశం 1981లోనే చట్టం చేసింది. 2025 దాకా అమల్లో ఉన్న ఆ చట్టంలోనూ రాతపూర్వకమైన ఒప్పందం ఉండాలని రాసుండేది. చెన్నైలో ఫెఫ్సీ అనే పెద్ద కార్మిక సమాఖ్య ఉంది. కాల్‌షీటు ఇన్ని గంటలని లెక్క ఉంది. వాళ్లకంటే నలభై ఏళ్లు ముందే మనం కాగితం రాసుకున్నాం. "నీ ఒప్పందం కాగితం ఏది నాన్నా?" అని అడిగితే మా నాన్న నా వైపు వింతగా చూశారు. ఫోనులో మేనేజరు పిలిస్తే వెళ్లడమే ఆయనకు తెలిసిన ఒప్పందం.

అందుకే ఎడ్డీ గార్సియా కథలో నాకు ఆరువందల సినిమాల కంటే ఈ చివరి భాగం ముఖ్యం అనిపించింది. పెద్దవాళ్ల చావు తర్వాత చిన్నవాళ్లకు చట్టం రావడం మంచిదే. కానీ 2018లో వచ్చిన చట్టాన్ని 2019లో ఎవరో ఒకరు అడిగి అమలు చేయించి ఉంటే, మనోయ్ ఆ రోజు సాయంత్రం ఇంటికి వెళ్లి మర్నాడు పొద్దున్నే మళ్లీ పనికి వచ్చేవారు. అడగాలంటే తెలియాలి. తెలియాలంటే చదవాలి. మా నాన్నకు తమిళంలో మాట్లాడటం వచ్చు, చదవడం రాదు. తెలుగు చదువుతారు కానీ ఆ చట్టం ఆయనకు తెలుగులో ఎవరూ ఇవ్వలేదు.

మా తరగతిలో షూటింగు పనులకు వెళ్లేవాళ్ల పిల్లలం నలుగురం ఉన్నాం. ఒకరి నాన్న డ్రైవరు, ఒకరి పెద్దమ్మ కాస్ట్యూమ్స్, ఒకరి అన్న సెట్ వడ్రంగి. సినీ కార్మికుల చట్టంలోని ముఖ్యమైన విషయాలను తేలిక తెలుగులో ఒక్క పేజీలో రాసి, మా వీధిలో ఆ పని చేసేవాళ్లకు ఇవ్వాలని నలుగురం అనుకున్నాం. తప్పులు దిద్దిపెడతానని మా టీచరు ఒప్పుకున్నారు. వేసవి సెలవుల్లోగా అవుతుంది.